గేటు దగ్గర పూలి డ్యూటీ

ఏన్కూరు దాటాక అడవి మొదలయ్యే చోట ఒక ఆడపిల్లల హాస్టల్ ఉంది. అక్కడ పంతొమ్మిదేళ్ళు వండింది పూలి. ఒకరోజు తనిఖీకి వచ్చిన పెద్దసారు గిన్నెలో గరిటె తిప్పి, "ఇందులో పప్పేది?" అన్నాడు.

"గోదాంల నుంచి వస్తే గద సారూ, గిన్నెలకు వచ్చేది!" అన్నది పూలి. పిల్లలు పకపకా నవ్వారు. ఆ నెలలోనే ఆమెకు వయసు మీరిపోయిందని ఆఫీసు కనిపెట్టి, పనిలోంచి తీసేసింది.

పూలి హైకోర్టుకు పోయింది. రెండేళ్ళకు తీర్పొచ్చింది: ఆమెను వెంటనే పనిలోకి తీసుకోవాలి. కాగితం పట్టుకుని పోతే వార్డెన్ నిర్మలాదేవి ముట్టుకోనైనా లేదు.

"అప్పీలేసినం. అది తేలేదాక రాకు."

పూలి బయటికొచ్చి లాయరు వనజకు ఫోన్ చేసింది.

"అప్పీలేస్తే సరిపోదమ్మా, స్టే రావాలె. రాలేదు. అంటే ఆర్డరు నడుస్తున్నట్టే. పాటించకపోతే కోర్టు ధిక్కారం. కేసు వేద్దాం."

ధిక్కారం ఎవరిదో పూలి అడగలేదు. కోర్టు పనికి పొమ్మన్నాక పోకపోతే ఆ తప్పు తనమీదే పడుతుందనుకుంది. తెల్లారి హాస్టల్ మొదటి గంట కొట్టేసరికే గేటు దగ్గర నిలబడింది.

వాచ్‌మన్ రామ్‌సింగ్ వచ్చిపోయేవాళ్ళ పుస్తకం తెరిచాడు. "ఎవర్ని కలవాలె అక్కా?"

"ఎవర్నీ కాదు తమ్మీ. డ్యూటీకొచ్చిన. గట్లనే రాయి."

అతను రాశాడు, ఆమె సంతకం పెట్టింది. లోపలికి మాత్రం పోనివ్వలేదు. బడికి బయల్దేరిన పిల్లల్ని ఆపి, "ఉప్మా ఎట్లున్నదే?" అని అడిగింది.

"ముద్దలు ముద్దలు పెద్దమ్మా!"

"రవ్వ ఏంచలే, సోమరిపోతులు!" అని తిట్టి, కడుపునిండా నవ్వి ఇంటికి పోయింది. వానొచ్చినా, ఒళ్ళు కాలినా ఒక్కరోజు మానలేదు. రామ్‌సింగే విసిగిపోయాడు.

"నీకు పిచ్చా అక్కా? జీతమా, బత్తెమా?"

"డ్యూటీకి రాలేదని నన్ను జైల్ల పెడితే నా బదులు నువ్వు కూసుంటవా ఏంది? రాయి, రాయి."

ఐదు నెలలకు ధిక్కారం కేసు విచారణకొచ్చింది. పూలిని పనిలోంచి తీసేసిన ఆఫీసరు స్వయంగా హాజరయ్యాడు. కోర్టుకిచ్చే జవాబులో, అప్పీలు పెండింగులో ఉందని ఒక పేరాలో, మేం రమ్మన్నా ఆమే రాలేదని ఇంకో పేరాలో రాయించుకొచ్చాడు. చదువుకున్నవాళ్ళకు రెండు నాలుకలు బరువు కావు.

"నువ్వు పోయినట్టు రుజువేమైనా ఉందా?" అని వనజ మెల్లగా అడిగింది.

"రోజూ రాసినం గద మేడం, గేటు బుక్కుల."

వనజ అడిగితే, తర్వాతి వాయిదాకు కోర్టు ఆ పుస్తకం తెప్పించింది. జడ్జి పేజీలు తిప్పుతూనే ఉన్నాడు. ప్రతి పేజీలో పూలి, వచ్చిన పని: డ్యూటీకి.

"రానిమనిషి ఇన్ని సంతకాలెట్లా పెట్టింది?"

ఆఫీసరు ఫైలు తిరగేశాడు. "అప్పీలు పెండింగులో..."

"స్టే ఉందా?"

"లేదండీ."

"వారంలో పనిలోకి తీసుకోండి. లేకపోతే మళ్ళీ మీరే రావాలి."

వారం ఎందుకు, నాలుగోరోజే పిలుపొచ్చింది. పూలి కొంగు నడుముకు చుట్టి వంటింట్లోకి పోయింది. నిర్మలాదేవి గుమ్మంలో నిలబడింది.

"అప్పీలు ఇంకా తేలలే పూలీ. యాదుంచుకో."

"తేలనీయుండ్రి మేడం. జర పక్కకు జరుగుండ్రి, గంజి వంపాలె."