తప్పులు పట్టేవాడు

ఆఫీసులో అతన్ని అందరూ ముద్దుగా యముడంటారు. ప్రపంచం మండిపోయాక మిగిలిన కొద్దిమంది కథగా తయారవుతున్న వీడియోగేములో తప్పులు పట్టడం అతని ఉద్యోగం. మంచివాడిగా ఆడి చూసే పని వేరొకరిది; చెడ్డ నిర్ణయాలన్నీ ఇతని వాటా. వీపు విల్లులా వంచి, చెమట పట్టిన బొటనవేలిని ప్యాంటుకు తుడుచుకుంటూ వంతెనలు కూలుస్తాడు, నీళ్లు ఆపేస్తాడు, ఆ తర్వాత ఎవరు చచ్చారో, ఎవరేమన్నారో రిపోర్టు రాస్తాడు. పక్కన టీ మీద తెట్టు కట్టినా పట్టదు. పొద్దుటి నుంచి ఒకే ఊరిని నలభైసార్లు నీళ్లాపి ఎండబెట్టాడు. చీమ కుట్టినట్టయినా లేదు. మధ్యాహ్నం గేములోకి పాత్రల కొత్త మాటలు ఎక్కించారు. నలభై ఒకటోసారి, తండ్రి శవం పక్కన అన్నిసార్లూ మూగగా కూర్చున్న పిల్ల తలెత్తి, "అన్నా, దాహమేస్తోంది" అంది.

అతను లేచి, మాటలు రాసే ఆవిడ బల్ల దగ్గరికి వెళ్లాడు.

"అక్కా, ఇక్కడ తప్పుంది. వాళ్ల నాన్నని చంపింది నేను. నన్ను పట్టుకుని అన్నా అంటుందేంటి? తిట్టిపోయాలి కదా!"

ఆవిడ కళ్లద్దాలు నుదుటి మీదికి తోసుకుంది.

"తిట్టేదే. కానీ నీళ్లడగడానికి ఆ ఊళ్లో ఇంకెవరున్నారు నాయనా? అందర్నీ నువ్వే తుడిచిపెట్టావుగా."

అతను తిరిగొచ్చి, రిపోర్టులో 'తప్పు' కొట్టేసి 'సరిగానే ఉంది' అని రాశాడు. నలభై రెండోసారి మొదలుపెట్టాలి. బొటనవేలిని ప్యాంటుకు తుడుచుకున్నాడు, మళ్లీ తుడుచుకున్నాడు, తుడుచుకుంటూనే ఉన్నాడు.