రెండు పన్నెండో తారీఖులు

1938లో నేను పాతబస్తీ అంచున ఒక చిన్న రైల్వే స్టేషన్‌లో బుకింగ్ క్లర్కుగా చేరాను. స్టేషన్ అంటే పెద్దగా ఊహించుకోకండి. ఒక గది, ఒక కిటికీ, మట్టి పోసి చదును చేసిన ప్లాట్‌ఫారం, పక్కనే లచ్చమ్మ బర్రెల కొట్టం. బండి ఆలస్యమైతే ప్రయాణికులు ఆమె దగ్గరే మజ్జిగ తాగేవాళ్లు.

మా పనిలో ముఖ్యమైన వస్తువు డేటింగ్ ప్రెస్. అట్ట టికెట్టును అందులో పెట్టి నొక్కితే ఆనాటి తారీఖు అచ్చు పడుతుంది. అది అంగ్రేజీ తారీఖు, అంటే ఇంగ్లీషు క్యాలెండరుది. బయట కచేరీలు, బడులు, బజారు అన్నీ సర్కారు వారి ఫస్లీ క్యాలెండరు లెక్కన నడిచేవి. అక్టోబరులో ఫస్లీ తారీఖు అంగ్రేజీకి ఐదు రోజులు వెనక ఉండేది. మొఘల్‌పురాలోని మా ఇంట్లో ఫస్లీ, స్టేషన్‌లో అంగ్రేజీ. గడప దాటగానే తారీఖు మార్చుకోవడం నాకు చెప్పులు వేసుకున్నంత అలవాటు. దాని మీద కొంచెం గర్వం కూడా ఉండేది.

ఆ అక్టోబరు మొదట్లో స్టేషన్ గోడకు ఇంగ్లీషు నోటీసు అంటించారు. సైడింగ్, అంటే గూడ్సు బండ్లు ఆగే పక్క పట్టాలు వేస్తారట, కొత్త బుకింగ్ ఆఫీసు కడతారట. అందుకు కొట్టం ఉన్న జాగా కావాలి. అభ్యంతరాలుంటే పన్నెండో తారీఖులోగా ఇవ్వాలి. "ఒక్క అర్జీ వచ్చినా చాలు, కట్టడాన్ని అవతలి బంజరులోకి జరుపుతాం" అని ఆ పని చూసే ఓవర్సీయర్ నాతో అన్నాడు.

మర్నాడు పొద్దున లచ్చమ్మ మా గడప ముందు పాలు కొలుస్తుంటే చెప్పాను.

"అక్కా, పన్నెండో తారీఖులోపట అర్జీ ఇయ్యాలె. ఇస్తే నీ కొట్టం నిలుస్తది."

"పన్నెండా? మస్తు దినాలున్నయి తమ్మీ. మహల్లా అందరితోని నిశానీలు ఏపించుకొస్త."

మస్తు దినాలు అన్నప్పుడైనా నాకు తట్టాలి. తట్టలేదు. ఇంట్లో నిలబడి స్టేషన్ తారీఖు చెప్పానన్న ఊహే రాలేదు.

ఆమె అర్జీతో కిటికీ దగ్గరికి వచ్చిన రోజు ఓవర్సీయర్ లోపలే చాయ్ తాగుతున్నాడు. కాగితం నిండా వేలిముద్రలు. లచ్చమ్మ ముఖం వెలిగిపోతోంది.

"చూడు తమ్మీ, ఇయ్యాల పదకొండే. ఒక దినం ముందుగాల్నే తెచ్చిన."

నా చేతి పక్కన డేటింగ్ ప్రెస్‌లో పదహారు ఉంది.

ఓవర్సీయర్ కాగితం తీసుకుని చూశాడు. "తారీఖ్ గుజర్ గయీ, అమ్మా. గడువు దాటిపోయింది, ఇగ ఏం కాదు. కాగజాలు నిన్ననే పైకి పోయినయి. ఫస్లీ లెక్క అని నీకు ఎవలు చెప్పిన్రు?"

లచ్చమ్మ నా వైపు చూసింది. నేను ప్రొబేషన్‌లో ఉన్నాను, కొలువు ఇంకా ఖాయం కాలేదు. తల వంచుకుని టికెట్ల కట్ట సర్దాను. నేనే చెప్పానని ఒప్పుకుని ఉంటే బహుశా నాలుగు చీవాట్లతో పోయేది. ఆ మాత్రం పడడానికి కూడా నాకు గుండె చాలలేదు.

"ఎవలు చెప్పలె సాబ్," అంది ఆమె. "నాకే సమజ్ కాలె."

ఎండాకాలానికల్లా కొట్టం నేలమట్టమైంది. బర్రెల కుడితి తొట్టి ఉన్న చోటే కొత్త బుకింగ్ ఆఫీసు లేచింది. నా ఉద్యోగం ఖాయం చేసి నన్ను దాని కిటికీ వెనకే కూర్చోబెట్టారు. లచ్చమ్మ బర్రెలను అమ్ముకుంది. మా ఇంటికి పాలు పోసే మనిషికి ఆ గతి ఎందుకు పట్టిందో మా అమ్మకు అర్థం కాలేదు, నేను చెప్పలేదు.

కొన్నాళ్లకు ఆమె మూటతో ఆ కిటికీ దగ్గరికే వచ్చింది. షాద్‌నగర్‌లో చెల్లెలి దగ్గర ఉండిపోవడానికి వెళుతోంది. టికెట్టు నొక్కి ఇచ్చాను. ఆమె కదలలేదు. అచ్చు మీద వేలు పెట్టి అడిగింది.

"ఈ తారీఖు ఎవలది సారూ? మీదా, మాదా?"

అంతకు ముందెప్పుడూ ఆమె నన్ను సారూ అని పిలవలేదు.

ఆ తరవాత నా సర్వీసులో ఎవరికి తారీఖు చెప్పినా అది ఎవరి లెక్కో కూడా చెప్పాను. ఈ జాగ్రత్త నాకు నేర్పింది ఆ అర్జీ సంగతేనని కుర్ర క్లర్కులకు చాలాసార్లు చెప్పుకున్నాను. తారీఖు తప్పు చెప్పినందుకు నన్ను నేను ఎప్పుడో క్షమించుకున్నాను. టికెట్ల కట్ట సర్దినందుకు మాత్రం ఇప్పటికీ లేదు.