గడలు లేచిన బొమ్మ

నా చిన్నప్పుడు కొల్లేటి లంకలోని మా బడికి ఏలూరు నుంచి ఒక పెద్దమనిషి పాతకాలపు మూగ సినిమా రీళ్ళు తెచ్చాడు. కిటికీలకు చాపలు కట్టి, గోడకు తెల్ల పంచె బిగించారు. పిల్లలం ముందు కూర్చున్నాం. మా నాయనమ్మ వెనక గోడకి ఆనుకుని కూర్చుంది.

బొమ్మలో ఏలూరు కాలవ కనిపించింది. ఎవరో దొరగారి ఊరేగింపు. గట్టు మీద ఏనుగు, బ్యాండుమేళం, తోరణాలు. నీళ్ళలో పొగ కక్కుతూ దొర ఎక్కిన ఆవిరి పడవ. దానికి అటూ ఇటూ మా వాళ్ళ తాటి దోనెలు. ఉన్నట్టుండి దోనెల్లోని వాళ్ళు లేచి, తోసుకునే గడలు నిలువుగా పైకెత్తారు.

"చూశారా! దొరగారికి మన జాలర్ల దండాలు!" అన్నాడు పెద్దమనిషి. పిల్లలమంతా చప్పట్లు కొట్టాం.

నాయనమ్మ విసురుగా వచ్చి తెరకి అడ్డంగా నిలబడింది. ఊరేగింపంతా ఆమె తెల్లచీర మీద కదులుతోంది.

"అది దండమని మీకెవరు చెప్పారండీ?"

"ఏం మామ్మగారూ, దొరకి దండం పెడితే తప్పా?" అని నవ్వాడాయన.

"మా వాళ్ళు గడ నిలబెట్టారంటే నీళ్ళలో మనిషి పడ్డాడనండి. ఎక్కడి పడవలు అక్కడ ఆగిపోవాలి. ఆ పడింది మా తమ్ముడు. ఆ దొర పడవ అలకే వాడి దోనె తిరగబడింది. వాడు మళ్ళీ తేలలేదు. ఇంకోసారి వేసి చూడండి, ఆ పడవ ఆగిందేమో!"

మళ్ళీ వేశాడు. గడలు లేచాయి. దొర టోపీ ఊపుతూనే ఉన్నాడు. పడవ ఆగలేదు.

"బొమ్మకి మాటల్లేవు కదా మామ్మగారూ, నాకెలా తెలుస్తుంది?" అన్నాడాయన, గొంతు తగ్గించి.

"బొమ్మకి లేవండి. దండమన్న మాట మీదేగా?"

ఇన్నేళ్ళకి, పోయిన వారం నేను డిగ్రీ పాసయ్యాను! మా వంశంలో నేనే మొదటిదాన్ని, అదీ ఈ వయసులో! ఆ సంబరంలో ఉండగానే మనవరాలు ఫోన్లో ఏదో పాత మూగ బొమ్మ వేసి చూపించింది. అదే కాలవ, అవే గడలు. కింద 'దొరవారికి జాలర్ల వందనం' అని రాసి ఉంది. ఒళ్ళు మండిపోయింది. ఇన్నేళ్ళయినా అదే అబద్ధమా? ఎవరిని అడిగి రాశారు?

ఆదివారం ఆ బడిలోనే నాకు సన్మానమట. శాలువా సంగతి తర్వాత, ముందు ఆ బొమ్మ వెయ్యమన్నాను. నాయనమ్మ నిలబడ్డ చోటే నిలబడతాను. గడలు లేచినప్పుడు మాత్రం ఎవరినీ చప్పట్లు కొట్టనివ్వను.