బిషప్ గారి కుర్చీ

ఎనభైల్లో విత్తనాల కంపెనీ పని మీద చర్ల అవతలి ఊళ్లు తిరిగేవాణ్ణి. ఒకసారి దారిలో వాన పట్టుకుంటే ఒక తాటాకుల చర్చిలోకి దూరాను. లోపల ఒక చాప, ఒక బల్ల, ఒక టేకు చేతుల కుర్చీ. కాళ్లు లాగుతుంటే కుర్చీ దగ్గరికి నడిచాను.

"అండ్ల కూసోవద్దు సారూ, అది బిషప్ గారిది," అన్నాడు చాప మీద కూర్చున్న ఒక ముసలాయన. ఆదివారాలు వాక్యం చదివే ఉపదేశి ఆయనే. "చాప నాది. బల్ల పాస్టరు గారిది, నెలకొక్కసారి వచ్చి ప్రభువు పేర రొట్టె ఇస్తరు. కుర్చీల మాత్రం బిషప్ గారే. ఆయన తలమీద చెయ్యి పెడితెనే సంఘంల చేరిన కొత్తోళ్లకు ఆ రొట్టె."

"ఎప్పుడొచ్చారు?"

"ఇంక రాలే. కుర్చీ చేయించి తొమ్మిదేండ్లాయె."

రాని మనిషికి కుర్చీ ఏమిటని నాకు నవ్వొచ్చింది. "ఇన్నేళ్లలో ఎవరూ కూర్చోలేదా?" అన్నాను.



"నా ఇంటామె అడిగింది. పోయిన వానకాలం. ఆయాసం, పండుకుంటె ఊపిరాడకపాయె. ఊరు మొత్తంల ఎనుకకు ఒరగనీకి గీ కుర్చీ ఒక్కటే. కాసేపు కూసుంట అన్నది. నేను కూసోనియ్యలే. గోడకు ఒరిగే పోయింది."

కప్పు కారి కుర్చీ మీద చినుకులు పడుతున్నాయి. "జర పట్టుండ్రి సారూ," అంటూ లేచాడు. ఇద్దరం దాన్ని పొడి నేల మీదికి జరిపాం. తువ్వాలతో శుభ్రంగా తుడిచి, వెళ్లి చాప మీద కూర్చున్నాడు. నన్నూ పక్కన కూర్చోమన్నాడు. వాన తగ్గేదాకా నేను నిలబడే ఉన్నాను.