సైతానుకు నాన్నగారి గొంతు

రైల్వే ట్రాఫిక్ కాలనీలోని మా క్వార్టర్‌లోనే, మిత్రులతో కలిసి నేనొక చిన్న సినిమా తీశాను. అలసిపోయిన ఫిట్టరు ఒకడు రైలుపెట్టె చక్రాన్ని పరీక్షించకుండానే, బాగుందని సంతకం పెట్టబోతాడు. అతణ్ణి ప్రలోభపెట్టే సైతాను పాత్రను నాన్నగారు వేయాలని నా కోరిక. వేషం కోసం, వర్క్‌షాపులో ఆయన తొడిగిన నీలం చొక్కానే తీసి ముందుంచాను. ఏటా విశ్వకర్మ పూజనాడు పనిముట్లతోపాటు ఆ చొక్కా జేబుకూ కుంకుమ పెట్టే ఇల్లు మాది. అది తెలిసీ అడిగాను.

"మీసాలున్నాయి, కొమ్ములే తక్కువ. ఏసీండి," అని అమ్మ నవ్వింది.

నాన్నగారు నవ్వలేదు. చొక్కా మడిచి ఒళ్లో పెట్టుకున్నారు.

"సైతానుకి ఈ బట్టలేటమ్మా? ఆడు మా షాపులోకి ఎప్పుడూ ఇలాగ రాలేదు."

"మరి ఎలా వచ్చేవాడు నాన్నా?"

"కనిపించడు. డ్యూటీ ఆఖర్న నడుం లాగేస్తుంటే, మనమీద జాలి పడతాడు. అంతే."

నా పొరపాటు అర్థమైంది. తెరమీద ఎవరూ కనిపించనక్కరలేదు, గొంతు చాలు. ఆయన నొచ్చుకున్నారేమోనని భయపడుతూనే ఫోనులో రికార్డింగు పెట్టి ముందుంచాను. ఆయన కళ్లు మూసుకుని, మెల్లగా అన్నారు.

"అలిసిపోనావు నాయనా. సాల్లే, ఒగ్గీ."

అంత ప్రేమ నేను స్క్రిప్టులో రాయలేదు. వినగానే నాకే పని వదిలేయాలనిపించింది.

"బాగుందా?" అని అడిగారు. తల ఊపాను.

"ఉండమ్మా, మరొక్కపాలి సెప్తాను. ఇంకాస్త ముద్దుగా."