కిష్టమ్మ గడ్డికి రిపోర్టు

నాచారం ఫ్యాక్టరీల వెనక నుంచి ఉప్పల్ వైపు పారే మురుగు నాలా ఒడ్డున కిష్టమ్మకు ఎకరన్నర గడ్డిమడి ఉంది. ఉంది అన్నమాటే గానీ అది ఇప్పుడు ఆమెది కాదు. ఒకప్పుడు ఆమె మామ అందులో వరి పండించాడు. కాలనీలు లేచాక ఆ మడి కూడా అమ్ముడుపోయింది. కొన్నాయన, ఇల్లు కట్టేదాకా మీరే చేసుకోండని వాళ్లకే వదిలేశాడు. నాలా నీళ్లకు వరి తాలుపోయింది గానీ గడ్డి మాత్రం కోసిన ఇరవై రోజులకే మళ్లీ మోకాలెత్తు లేచేది. పాతికేళ్లుగా కిష్టమ్మ ఆ గడ్డిని కోసి, చిల్కానగర్‌లో బర్రెల కొట్టం నడిపే బిక్షపతికి వేస్తోంది.

కార్తీకంలో ఒకరోజు పొద్దున ఆరుగురు డిగ్రీ పిల్లలు మడి దగ్గరికి వచ్చారు. మొదటి సంవత్సరంలో పర్యావరణం అనే పేపరు ఏ గ్రూపు వాళ్లయినా రాయాల్సిందేనట. ఆ పేపరుకు ప్రాజెక్టు ఒకటి చేయాలట. వాళ్లలో ప్రజ్ఞ అనే అమ్మాయి నోటుబుక్కులో బొమ్మ చూపించింది. గడ్డి, గడ్డి నుంచి బాణం గుర్తు బర్రెకు, బర్రె నుంచి మనిషికి.

"ఇది ఆహార గొలుసు, అమ్మా. నీళ్లల్ల విషం ఉంటే గడ్డిలకొస్తది, గడ్డిలకెళ్లి పాలల్లకొస్తది. ఈ గడ్డి తిన్న బర్రె పాలు మీరు తాగుతరా?"

"తాగకేం? రోజూ తాగుతం," అంది కిష్టమ్మ.

పిల్లలు గడ్డి కోసుకున్నారు, సీసాలో నీళ్లు ముంచుకున్నారు, ఫోటోలు దిగారు. పదిరోజుల్లో రిపోర్టు చెప్తామని వెళ్లిపోయారు.

ఆ ప్రశ్న ఆమెను అంతగా పట్టి ఉండేది కాదు. కానీ అదే నెలలో కూతురు సరిత ఏడో నెల కడుపుతో కాన్పుకు పుట్టింటికి వచ్చింది. బిక్షపతి, కడుపుతో ఉన్న పిల్లకని రోజూ లీటరు చిక్కటి పాలు పంపేవాడు. సరిత గ్లాసు ఎత్తినప్పుడల్లా కిష్టమ్మకు ఆ బాణం గుర్తులు కళ్లముందు కదిలేవి. పదిరోజులు పోయాయి, నెల పోయింది. ఎవరూ రాలేదు.

ఒకరోజు కొడవలి ఇంట్లో పెట్టి, ఉతికిన చీర కట్టుకొని ఆ పిల్లల కాలేజీకే నడిచింది. గేటు దగ్గర వాచ్‌మన్ ఆపి, ఎవరు కావాలన్నాడు.

"మా గడ్డి రిపోర్టు కావాలె," అంది.

అతను నవ్వాడు. ఆమె నవ్వలేదు. చివరికి పర్యావరణం చెప్పే తారామణి మేడం బయటికి వచ్చి ఆమెను ల్యాబులోకి తీసుకెళ్లింది. అలమారలో పాత పేపర్ల కింద గడ్డి ఎండి పడి ఉంది. సీసాలో నీళ్లు పాచి పట్టాయి.

"ఇక్కడ మేము నీళ్ల పులుపు, ఉప్పు వరకే చూస్తం, కిష్టమ్మా. సీసం అసోంటి లోహాలు చూసే మిషిను మాకు లేదు," అంది మేడం. "ప్రాజెక్టు అయిపోయింది. పిల్లలకు మార్కులు గూడ ఏసిన."

"వాళ్లకు మార్కులొచ్చినయ్. మరి నాకేమొచ్చింది, మేడం? ఇంట్ల కడుపుతోని ఉన్న పిల్ల ఉన్నది."

తారామణి ఎండిన గడ్డిని తీసి చెత్తబుట్టలో వేసింది. తనతో చదువుకున్న స్నేహితురాలు వేరేచోట పెద్ద ల్యాబులో ఉందని, అక్కడికి పంపిద్దామని చెప్పింది. ఈసారి గడ్డి ఎలా తీయాలో నేర్పింది: నాలా ఒడ్డున కొంత, నడుమ కొంత, దూరపు కొసన కొంత, దేనికదే వేరే సంచిలో, ఏ సంచి ఎక్కడిదో పైన రాయాలి. కిష్టమ్మకు రాయడం రాదు. సంచులకు ఎర్రది, పచ్చది, తెల్లది దారాలు కట్టి తెచ్చింది. దూరపు కొసన మామ తవ్వించిన పాతబావి ఉంది. అక్కడి గడ్డికి బావి నీళ్లే పారతాయి కాబట్టి ఆ నీళ్లు కూడా సీసాలో పట్టుకొచ్చింది.

సంక్రాంతి సెలవులు అయ్యాక ప్రజ్ఞ కాగితం పట్టుకొని ఇంటికి వచ్చింది. తల ఎత్తకుండానే చదివింది. ఒడ్డు గడ్డిలో సీసం ఉండాల్సినదానికన్నా చాలా ఎక్కువ. నడుమ గడ్డిలోనూ ఎక్కువే. బావి గడ్డిలో, బావి నీళ్లలో లెక్కకు రానంత తక్కువ.

"ఈ పిల్లకు ఏమన్న అయితదా?" కిష్టమ్మ సరిత వైపు చూస్తూ అడిగింది.

"గడ్డిల ఉన్నదంత పాలల్లకు రాదంట, అమ్మా. ఎంతొస్తదో పాలు పరీక్ష జేస్తెనే తెలుస్తది. మేడం అయితే బంద్ జెయ్యుమన్నది."

ఆ రోజు నుంచి పాలు మానేశారు. కిష్టమ్మ భర్త రాజయ్య డ్యూటీ నుంచి వస్తూ ప్యాకెట్ తెచ్చేవాడు. "గీ ప్యాకెట్ పాలది ఏ గడ్డి తిన్న బర్రెనో!" అంది సరిత. మాఘంలో ఆడపిల్ల పుట్టింది. తల్లీ పిల్లా బాగానే ఉన్నారు.

కిష్టమ్మ నాలా వైపు తూము మట్టితో పూడ్చేసింది. బావి నీళ్లు పారినంత మేర, అంటే మడిలో మూడోవంతు కూడా కాదు, అంతే గడ్డి పెంచింది. మిగతాది పడావు పడి బీడయింది. కారణం బిక్షపతికి దాచకుండా చెప్పింది. అతను చుట్టూ చూసి గొంతు తగ్గించాడు.

"ఇంకెవరికన్న చెప్పినవా, అక్కా?"

"అడిగినోళ్లకు చెప్తున్న."

"నువ్వు బంద్ వెడితే నాలా ఆగుతదా? పక్క మడోళ్లు ఇస్తరు నాకు," అని బండి తిప్పుకొని వెళ్లిపోయాడు. అన్నట్టే పక్క మడుల నుంచి కొన్నాడు. నెలపైన ఆమె వైపు చూడలేదు.

ఎండలు ముదిరాక ఒక పొద్దున బండి మళ్లీ వచ్చి ఆగింది. బిక్షపతి దిగి, ఒకే ఒక్క మోపు కావాలన్నాడు. బావి గడ్డిదే కావాలన్నాడు.

"ఒక్క మోపుకు ఎన్ని బర్రెలు మేస్తయే, తమ్మీ?"

"ఒక్కటే. మా ఇంట్ల పాలకు ఒకదాన్ని పక్కకు కట్టేసిన."

"మరి కడమ బర్రెలకో?"

అతను బండి మీది తాడు విప్పి మోపుకు చోటు సర్దాడు. కిష్టమ్మకు కోపం వచ్చింది, ఇవ్వనని చెప్పబోయింది కూడా. కానీ ఆ ఇంట్లోనూ పసిపిల్లలున్నారని ఆమెకు తెలుసు. అందుకని మోపు ఇచ్చింది. అతను వెళ్లిపోయాక కొడవలి చేతిలో పట్టుకొనే పక్క మడిలో గడ్డి కోస్తున్న శాంతాబాయి దగ్గరికి నడిచింది. బిక్షపతి తన ఇంటి బర్రెకు ఏం చేస్తున్నాడో ఆమెకు చెప్పింది. శాంతాబాయి అంతా విని, నాకు బావి యాడున్నదక్కా అని అడిగి, మళ్లీ వంగి కోయసాగింది.