ఖాలా మేక, నా ఎర్ర గోళ్లు

ఆ రోజుల్లో నాకు లోకంలో అన్నిటికన్నా విలువైనవి నా పది గోళ్లు. ఇరవై ఏళ్లు నిండలేదు. సూరత్‌లో, ఉన్ అనే పేట దగ్గర చీరలకు దారాలు కత్తిరించే పని చేసేదాన్ని. పిన్ని కూతురి పెళ్లి కోసం రెండు నెలలు గోళ్లు పెంచి, ఎర్రరంగు వేసి, అంట్లు ముట్టకుండా కాపాడుకున్నాను (అమ్మ తిట్లు లెక్కచేయలేదు). పెళ్లికి రెండు రోజుల ముందు మేమంతా ఖాలా, అంటే పిన్నమ్మ, అని పిలిచే పక్కింటామె మెట్ల మీద జారి కుడి మణికట్టు విరగ్గొట్టుకుంది. ఆమె మా సిరిసిల్ల వైపు మనిషే. ఒంటరి ముసలామె, తోడు ఒక మేక, దాని పిల్ల. మర్నాడు పొద్దున పొదుగు బిగిసి మేక అరుస్తుంటే అమ్మ నన్ను తోలింది.

నేను చెయ్యి చాచగానే ఖాలా, "ఆగు బిడ్డా! గోళ్లు తీసినంకనే ముట్టు. పొదుగు గీరుకపోదా? మా దీన్‌ల, మా మతంల గట్లనే చెప్పిన్రు" అంది.

"జర మెల్లగ పితుకుత ఖాలా, పెండ్లి ఉంది" అని వినకుండా పిండాను. మేక ఒక్క తన్ను తన్నింది. గిన్నె గోడకు, పాలు నా ఒళ్లోకి. కోపంతో దాని మొహం మీద కొట్టబోతే ఖాలా కట్టు కట్టిన చెయ్యే అడ్డం పెట్టింది.

"మొఖం మీద కొట్టద్దు! గోరు నీది, నొప్పి దానిది. కోపం గూడ నీదేనా?"

చూస్తే పొదుగు మీద సన్నటి ఎర్ర గీత. సిగ్గేసింది. అయినా బేరమాడి కుడిచేతి గోళ్లే తీశాను. ఒక చేత్తోనే పితికాను. గిన్నె సగం నిండగానే, "బస్, మిగిలినయి పిల్లకు. మనకు ఇన్ని ఇచ్చినందుకు అల్లాకు షుక్ర్" అంటూ ఖాలా మేక వీపు నిమిరింది.

పెళ్లిలో ఒక్క చేతికే గోళ్లు చూసి అత్తలందరిదీ ఒకటే ప్రశ్న: "ఏందే, పార్లర్‌ల నడుమనే కరెంటు పోయిందా?" మేక సంగతి చెబితే ఎవరూ నమ్మలేదు.

తిరిగొచ్చాక ఎవరూ అడగకుండానే ఎడమచేతివీ తీసేశాను. నెలన్నర పితికాను. చివరికి నా అడుగుల చప్పుడుకే మేక లేచి నిలబడేది. కట్టు విప్పిన రోజు ఖాలా, "ఇగ రేపటిసంది రాకున్నా అయితది బిడ్డా" అంది. నా మేకను నానుంచి గుంజుకున్నట్టు అలిగి, రెండు రోజులు ఆమెతో మాట్లాడలేదు. అప్పటి నాలోని ఆ పిచ్చిపిల్లను తలచుకుంటే నాకిప్పటికీ నవ్వూ, కొంచెం బెంగా.